కాగితం లేని కాపురం: ఒక వీలునామా కేసు

నెల్లూరులో సివిల్ ప్రాక్టీసు నాది. పార్టిషన్ సూట్లు, ఇంజంక్షన్లు, హద్దు తగాదాలు, వీలునామాలు. ఇద్దరు ఆడవాళ్లు కలిసి బతకడం లాంటి విషయాలు హైకోర్టు, సుప్రీంకోర్టు స్థాయివి, మనదాకా రావు అని మా బార్‌లో చాలామంది అనుకుంటారు. ఈ కేసు అట్లా జంటగా బతికే ఇద్దరిదే, కానీ ఇందులో పెద్ద సెక్షన్ ఏదీ లేదు. 377 (స్వలింగ సంబంధాలను నేరంగా చూసిన పాత సెక్షన్) పేరు ఎవరూ ఎత్తనైనా ఎత్తలేదు. పీఎఫ్ నామినేషన్ ఫారం, స్టాంపు డ్యూటీ, ఇన్‌కం టాక్స్‌లో ఒక నిర్వచనం, వారసత్వ చట్టంలో ఒక క్లాజు, మొత్తం కథ వీటి మధ్యే నడిచింది. అందుకే రాస్తున్నా. ఇద్దరి అనుమతీ తీసుకున్నాను. పేర్లు, ఊళ్లు, ఉద్యోగం, జబ్బు వివరాలు మార్చాను. చట్టం సంగతులు మాత్రం ఉన్నవి ఉన్నట్టే.

నేపథ్యం

సుజాతకు నలభై ఆరు. ప్రైవేటు కంపెనీలో అకౌంట్స్ చూస్తుంది. పెళ్లి చేసుకోలేదు. తండ్రి లేడు, తల్లి ఒంగోలు దగ్గర పల్లెలో ఇద్దరు కొడుకుల దగ్గర ఉంటుంది కానీ ఆమె మందులకూ చేతిఖర్చులకూ నెలనెలా డబ్బు పంపేది సుజాతే. రమకు నలభై రెండు. చిన్నవయసులో పెళ్లయింది, రెండేళ్లకే భర్త పోయాడు, పిల్లలు లేరు, అత్తగారింటివాళ్లు దినవారాలు అయ్యీ కాగానే పంపించేశారు. టైలరింగ్ నేర్చుకుని బ్లౌజుల షాపు పెట్టుకుంది. ఇద్దరూ పదిహేనేళ్లుగా ఒకే ఇంట్లో ఉంటున్నారు. వీధిలోవాళ్ల లెక్కలో వాళ్లు అక్కాచెల్లెళ్ల వరస, అంతకుమించి ఎవరూ అడగలేదు, వాళ్లూ చెప్పలేదు.

పద్దెనిమిది అంకణాల స్థలంలో సొంత ఇల్లు ఉంది. (బయటి జిల్లాలవాళ్ల కోసం: మా దగ్గర అంకణం అంటే ఎనిమిది గజాలు, అంటే 144 గజాలన్నమాట.) హోమ్‌లోన్ సుజాత జీతం మీద వచ్చింది కాబట్టి రిజిస్ట్రేషన్ ఆమె ఒక్కదాని పేరు మీదే అయింది. అడ్వాన్సు ఇవ్వడానికి మాత్రం రమ తన బంగారం అమ్మింది.

2024 చివర్లో సుజాతకు జబ్బు బయటపడింది. మా వైపు అందరిలాగే చెన్నై వెళ్లారు. ఆపరేషన్ ముందు కౌంటర్ దగ్గర రమను "మీరు ఏమవుతారు?" అని అడిగారట. చెల్లెలన్నది. ఆధార్‌లో ఇంటిపేర్లు కలవలేదు. రక్తసంబంధీకులు ఎవరైనా సంతకం పెట్టాలన్నారు, తమ్ముడు ఒంగోలు నుంచి వచ్చేసరికి రాత్రయింది, ఆపరేషన్ మర్నాటికి పోయింది. నిజానికి ఆ సంతకం అవసరమే లేదు. 2008లో సమీరా కోహ్లీ కేసులో సుప్రీంకోర్టు ఈ సంగతి తేల్చేసింది: మేజరై, నిర్ణయం తీసుకోగల స్థితిలో ఉన్న పేషెంటు సమ్మతే సమ్మతి, తల్లి ఇచ్చినా చెల్లదు. కానీ కౌంటర్ దగ్గర తీర్పుల సంగతి ఎవరు చెప్తారు?

ఏం అడుగుతూ వచ్చారు

"వీలునామా రాయాలి మేడం, ఇల్లు రమకు పోవాలి" అని సుజాత మొదలుపెట్టింది. వీలునామా కోసం వచ్చినవాళ్లను నేను ముందు అడిగే ప్రశ్న వేరే ఉంటుంది. చనిపోయాక సంగతి తర్వాత, బతికుండగా ఏం జరుగుతుందని ఎక్కువ భయం? సుజాత నోరు తెరిచేలోపే రమ చెప్పింది: "అక్కను తీసకపోతారు మేడం. నన్ను గడప తొక్కనీరు."

అంటే ఇది ఒక కేసు కాదు, రెండు. ఒకటి ఆస్తిది. రెండోది, రమను మనిషిగా లెక్కపెట్టని చోట సుజాత పక్కన ఆమె ఎట్లా నిలబడాలి అన్నది. భార్యాభర్తలైతే ఈ రెండింటికీ విడిగా కాగితాలు అక్కర్లేదు, తాళితో పాటు అన్నీ వాటంతటవే వస్తాయి. స్వలింగ వివాహానికి గుర్తింపు ఇవ్వలేమని 2023 అక్టోబరు 17న సుప్రియో కేసులో సుప్రీంకోర్టు చెప్పాక వీళ్లకు ఆ దారి లేదు. ఒక్కో హక్కుకు ఒక్కో కాగితం పుట్టించుకోవాలి, ప్రతి కాగితానికీ ఎక్కడో ఒక చిల్లు ఉంటుంది. ఆ చిల్లు ఎక్కడుందో ముందే చూసిపెట్టడం నా పని.

అప్పటికే చేసుకొచ్చినవి

ఒక డాక్యుమెంట్ రైటర్ చేత జీపీఏ (జనరల్ పవర్ ఆఫ్ అటార్నీ) రాయించుకుని వచ్చారు. సుజాత తరఫున రమ అన్నీ చూసుకోవచ్చని. చూడ్డానికి బాగానే ఉంది. కాంట్రాక్టు చట్టం 201వ సెక్షన్ ప్రకారం, రాసిచ్చిన మనిషి చనిపోయినా మతిస్థిమితం కోల్పోయినా ఏజెన్సీ, అంటే వాళ్ల తరఫున పనిచేసే అధికారం, ముగిసిపోతుంది. ఐసీయూలో స్పృహ లేకుండా పడుంటే ఈ కాగితం పనిచేస్తుందా అంటే పేచీయే. అవసరం పడిన రోజునే అక్కరకు రాని కాగితం. బ్యాంకు పనులకు ఉంచుకోమన్నాను, దాని మీద ధైర్యం పెట్టుకోవద్దన్నాను.

అదే రైటర్ ఇంకో సలహా కూడా ఇచ్చాడట, సుజాత రమను దత్తత తీసుకుంటే పోతుంది కదా అని. హిందూ దత్తత చట్టంలో, ఆచారం ఉంటే తప్ప, పదిహేనేళ్లు నిండినవాళ్లను దత్తత తీసుకోవడానికి లేదు. నాలుగేళ్లు చిన్నదాన్ని కూతుర్ని చేసుకోవడమా అని సుజాత ఆరోజు చాలాసేపు నవ్వింది.

ఇల్లు: వద్దనుకున్న దారులు

ముందు, ఏ కాగితమూ రాయకపోతే ఏమవుతుంది? హిందూ వారసత్వ చట్టం 15వ సెక్షన్ ప్రకారం, పెళ్లికాని సుజాత స్వార్జితం తల్లికి పోతుంది. తల్లి తర్వాత ఆమె కొడుకులకు. రమ ఆ వరసలో ఏ మెట్టులోనూ లేదు.

గిఫ్ట్ డీడ్ రాసేస్తే ఇప్పుడే తేలిపోతుంది కదా అని రమ పట్టు. లెక్క వేసి చూపించాను. మన రాష్ట్రంలో కుటుంబ సభ్యులకు రాసే గిఫ్ట్‌కు స్టాంపు డ్యూటీ తక్కువ, బయటివాళ్లకు ఎక్కువ. రమ బయటి మనిషి. ఆ పైన ఇన్‌కం టాక్స్: బంధువు కానివాళ్ల నుంచి యాభై వేలు దాటిన విలువ ఉన్న స్థిరాస్తి ఉత్తినే వస్తే, రిజిస్ట్రేషన్ విలువ మొత్తం తీసుకున్నవాళ్ల ఆదాయం కింద లెక్క. బంధువుల జాబితాలో భార్య, భర్త, అన్నదమ్ములు, అక్కాచెల్లెళ్లు, వాళ్ల జీవిత భాగస్వాములు కూడా ఉన్నారు. అంటే సుజాత ఇల్లు ఆమె మరదలికి ఊరికే రాసిచ్చినా పన్ను పడదు, రమకు రాస్తే మాత్రం పడుతుంది. బ్లౌజులు కుట్టి ఆ పన్ను కట్టేదెప్పుడు? పైగా లోన్ తీరలేదు, బ్యాంకు ఒప్పుకోవాలి. గిఫ్ట్ వద్దనుకున్నాం. వీలునామాకు స్టాంపు డ్యూటీ లేదు, దాని ద్వారా వచ్చిన ఆస్తికి ఆ పన్నూ లేదు.

రెండో చిక్కు బంగారం దగ్గర వచ్చింది. "నా బంగారం డబ్బు ఈ ఇంట్లో ఉందని వీలునామాలో రాయండి, రేపు తమ్ముళ్లు అడిగితే చూపించుకోడానికి ఉంటాది" అన్నది రమ. న్యాయంగా చూస్తే నిజమే, తప్పేముంది? కానీ బినామీ చట్టం ఒకటుంది. ఒకరి డబ్బుతో ఇంకొకరి పేరు మీద కొంటే బినామీ. భర్త తన సంపాదనతో భార్య పేరు మీద కొంటే మినహాయింపు, పిల్లల పేరు మీద కొన్నా మినహాయింపే. రమ ఆ మినహాయింపులో లేదు. కాబట్టి "డబ్బు నాది, పేరు ఆమెది" అన్న వాక్యం రమకు ఆయుధం కాదు, అవతలివాళ్ల చేతికిచ్చే కత్తి. అసలు ఆ బంగారం ఏ ఉద్దేశంతో ఇచ్చావని విడిగా కూర్చోబెట్టి అడిగాను. "ఉద్దేశమేముంది మేడం, ఇంట్లో అవసరం, ఇచ్చినా" అన్నది. ఇంట్లో మనిషి అవసరానికి ఇచ్చింది, అంతే. దాన్ని ఇప్పుడు అప్పుగా మార్చి పాత తేదీతో ప్రోనోటు రాద్దామన్న సలహా కూడా ఎవరో ఇచ్చారు, అది దొంగ కాగితం, కుదరదన్నాను. వీలునామాలో బంగారం ఊసే ఎత్తలేదు. ఇల్లు సుజాత స్వార్జితం, తన ఇష్టప్రకారం ఇస్తోంది, అంతవరకే.

నామినేషన్లు, తల్లి వాటా

పీఎఫ్‌లో రమను నామినీగా పెట్టమని సుజాత ఆఫీసులో ఫారం ఇచ్చింది, వెనక్కి వచ్చింది. ఆఫీసువాళ్ల తప్పేం లేదు. పీఎఫ్ స్కీములో సభ్యురాలికి "కుటుంబం" ఉంటే ఆ కుటుంబంలోవాళ్లనే నామినీగా పెట్టాలి. ఆమె మీద ఆధారపడిన తల్లి కుటుంబం కిందికి వస్తుంది. ఎల్‌ఐసీ సంగతీ అలాంటిదే. రమను నామినీగా పెట్టొచ్చు, కానీ 2015 సవరణ తర్వాత తల్లిదండ్రులు, జీవిత భాగస్వామి, పిల్లలు నామినీలైతేనే డబ్బు వాళ్ల సొంతమవుతుంది. మిగతావాళ్లు డబ్బు అందుకుంటారు అంతే, హక్కు వారసులదే.

సుజాతకు ఇక్కడ కోపం వచ్చింది. "నా జీతంలోంచి కోసిన డబ్బు కూడా నా ఇష్టం కాదా?" కోపం సబబే. నేను మాత్రం దీన్ని ఇంకో వైపు నుంచి చూశాను. వీలునామా మీద దావా వస్తే కోర్టు చూసేవి కొన్ని ఉన్నాయి, 1958లో తీర్పొచ్చిన వెంకటాచల అయ్యంగార్ కేసు నుంచీ ఇవే: సహజ వారసులను పూర్తిగా పక్కనపెట్టారా, లబ్ధి పొందే మనిషే దగ్గరుండి రాయించిందా, రాసేటప్పుడు ఆరోగ్యం ఎట్లా ఉంది. మన కేసులో మూడూ అనుమానం తెప్పించేవే. చట్టం ఎటూ పీఎఫ్ తల్లికే ఇస్తానంటోంది కదా, పాలసీ కూడా తల్లికే పెడదాం, ఆ సంగతి వీలునామాలో స్పష్టంగా రాద్దాం. తల్లికి పీఎఫ్, ఇన్సూరెన్స్. రమకు ఇల్లు. అప్పుడు కన్నతల్లిని గాలికొదిలేసి ఎవరికో రాసిందని ఎవరూ అనలేరు. సుజాత రెండు వారాలు తీసుకుని సరేనన్నది. బ్యాంకు డిపాజిట్ మాత్రం ఇద్దరి పేర్ల మీద, ఎవరైనా ఒకరు తీసుకునేలా మార్పించాం. ఇట్లాంటి జంటల జాయింట్ ఖాతాలకు అడ్డేమీ లేదని కేంద్ర ఆర్థిక శాఖ 2024 ఆగస్టులో స్పష్టత ఇచ్చింది కాబట్టి ఆ పని సాఫీగా జరిగింది.

సంబంధాన్ని వీలునామాలో ఎట్లా రాయాలి అన్నదాని మీద ముగ్గురం చాలా మాట్లాడుకున్నాం. ఏమీ రాయకపోతే, ఎవరో టైలరమ్మకు ఇల్లెందుకు ఇచ్చింది అంటారు. అంతా రాస్తే, ఆమె పోయాక ఎవరైనా నకలు తీసుకుని ఊరంతా చదువుతారు. (రాసిన మనిషి బతికుండగా రిజిస్టరైన వీలునామా నకలు ఇంకెవరికీ ఇవ్వరు, తర్వాత ఇస్తారు.) సుజాత తేల్చింది: పేరు పెట్టొద్దు, జరిగింది రాయండి. పదిహేనేళ్లుగా ఒకే ఇల్లు, ఒకే వంట, జబ్బులో సేవ చేసింది రమ, నా తదనంతరం ఆమెకు నీడ ఉండాలన్నది నా కోరిక. అంతే రాశాం.

రిజిస్ట్రేషన్ రోజు రమను ఆఫీసు దరిదాపులకు రావద్దన్నాను. సాక్షులు ఇద్దరూ సుజాత ఆఫీసువాళ్లే, వయసులో ఆమెకంటే చిన్నవాళ్లు. రేపు సాక్ష్యం చెప్పడానికి మనుషులు ఉండాలి కదా. డాక్టరు సర్టిఫికెట్ అదే రోజుది. మందుల వల్ల వేళ్ల చివర చర్మం పొరలు లేచిపోయి బొటనవేలి ముద్ర సరిగా పడలేదు, గుమాస్తా తడిగుడ్డతో తుడిచి, ఆరబెట్టి, మళ్లీ ఒత్తించాడు. చివరికి మసకగా పడింది. ఆ మసక ముద్ర మీద ఎప్పుడో ఒకరోజు క్రాస్ ఎగ్జామినేషన్ జరగొచ్చని అనిపించి, వేళ్ల పరిస్థితి కూడా డాక్టరుతో రాయించి ఫైల్లో పెట్టాను.

ఇంకో కాగితం కూడా తీసుకున్నాను, దానికి ఏ సెక్షనూ లేదు. సుజాత నాకు రాసిన లేఖ: "నేను ఫోనుకు అందకపోయినా, నన్ను వేరేచోటికి తీసుకెళ్లినా, మీరు నా లాయరుగా వచ్చి నాతో ఒంటరిగా మాట్లాడాలి." వకాలత్ మీద కూడా సంతకం పెట్టించుకున్నాను.

తీసుకెళ్లారు

రమ భయపడ్డట్టే అయింది. కీమో మధ్యలో ఒకరోజు రమ షాపులో ఉండగా తమ్ముళ్లు కారు వేసుకుని వచ్చి, అమ్మ చూడాలంటోందని సుజాతను తీసుకెళ్లారు. సాయంత్రానికి ఫోన్ స్విచాఫ్. రమ స్టేషన్‌కు పోతే, కన్నతల్లి దగ్గరే కదమ్మా ఉండేది, మధ్యలో నువ్వెవరు అని పంపేశారు.

హెబియస్ కార్పస్ (నిర్బంధంలో ఉన్న మనిషిని కోర్టు ముందుకు తెప్పించే పిటిషన్) వేద్దామా అన్నది మొదటి ఆలోచన. చట్టం మా వైపే ఉంది. దేవు జి. నాయర్ కేసులో 2024 మార్చి 11న సుప్రీంకోర్టు ఇట్లాంటి పిటిషన్లకు మార్గదర్శకాలే ఇచ్చింది: పిటిషన్ వేసిన మనిషికీ ఆమెకూ ఉన్న సంబంధం ఏంటని కూపీ లాగొద్దు, నిర్బంధంలో ఉన్నారన్న మనిషిని పుట్టింటివాళ్లు లేకుండా విడిగా అడగాలి, మనసు మార్చే కౌన్సెలింగ్ జోలికి పోవద్దు అని. మన హైకోర్టు కూడా 2024 డిసెంబరులో, తండ్రి తీసుకెళ్లిన ఒక అమ్మాయిని తన భాగస్వామితో వెళ్లనిచ్చింది. అయినా వెంటనే వెయ్యలేదు. కారణం ఒక్కటే, సుజాత మనసులో ఏముందో నాకు తెలీదు. జబ్బుమనిషి, తల్లి దగ్గర నాలుగు రోజులు ఉండాలని తనకే అనిపించి ఉండొచ్చు. రమ బాధను సుజాత కోరికగా నేను రాయకూడదు. పైగా ఆ ఒంట్లో ఉన్న మనిషిని అమరావతి దాకా తిప్పడం ఆఖరి మార్గంగానే ఉండాలి.

అందుకని రమ తరఫున కాకుండా సుజాత లాయరుగా కదిలాను. నా క్లయింటుతో మాట్లాడాలి, ఇదిగో ఆమె లేఖ, ఇదిగో వకాలత్, కీమో తేదీ ఇది, దాటితే ప్రాణానికి ప్రమాదమని డాక్టరు రాసిన చీటీ ఇది. ఈ నాలుగూ పెట్టి అక్కడి పోలీసు అధికారులకు అర్జీ ఇచ్చాను, జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు ఒక ప్రతి. నువ్వెవరు అన్న ప్రశ్న మళ్లీ రాలేదు. లాయరు ఎవరో అందరికీ తెలుసు. పేషెంటు అంటే ఏంటో అందరికీ తెలుసు. భాగస్వామి అంటేనే ఎవరికీ తెలీదు, ఆ సంగతి తేల్చుకోవడానికి అప్పుడు టైమ్ లేదు.

మహిళా ఎస్సై ఒకామె మాతో వచ్చింది. దేవు నాయర్ తీర్పు ప్రింట్ ఇస్తే దారిలో జీపులోనే చదివింది. ఇంటికి పోగానే తమ్ముళ్లను బయట అరుగు మీద కూర్చోమని చెప్పి, నడవలో సుజాతను ఒక్కదాన్నే కూర్చోబెట్టి నెమ్మదిగా అడిగింది, ఇక్కడ ఉంటావా, పోతావా, ఎవరైనా ఫోన్ లాక్కున్నారా. సుజాత నెల్లూరు పోతానన్నది. అదే కాగితం మీద రాసి సంతకం పెట్టింది. తమ్ముడు లోపలికొచ్చి గొంతు పెంచబోతే తల్లే ఆపింది. "ఈడికొచ్చినకాణ్ణుంచి గంజి కూడా దిగలేదురా దానికి. ఆ పిల్ల చేతి కూడైతేనే సయిస్తాది. పోనీండి." ఈ మాట ఆమె ఎంత తెలిసి అన్నదో నాకు తెలీదు, అడగలేదు.

సామాను సర్దుతుంటే పెద్ద తమ్ముడు నన్ను పక్కకు పిలిచి ఇల్లు ఎవరికి రాసిందని అడిగాడు. క్లయింటు సంగతులు చెప్పనన్నాను. పీఎఫ్, పాలసీ అమ్మకేనని సుజాతే అక్కడ నిలబడి చెప్పింది. ఆ తర్వాత అతని మాట కాస్త తగ్గింది.

తర్వాత

ట్రీట్‌మెంట్ అయింది. సుజాత మళ్లీ ఆఫీసుకు పోతోంది. వీలునామా మీద ఏ దావా లేదు, మనిషే ఉన్నాక దావా ఎక్కడిది, కాబట్టి అది కోర్టులో నిలుస్తుందని ఇప్పుడే చెప్పలేను. నిలిచేలా కట్టామన్నంతవరకే. ఐసీయూ పరిస్థితి వస్తే ఎవరి మాట వినాలో చెప్పే అడ్వాన్స్ డైరెక్టివ్ కూడా ఇద్దరు సాక్షులతో, నోటరీ ముందు రాయించాం, 2018 కామన్ కాజ్ తీర్పు, 2023 సవరణ ప్రకారం. ఒక ప్రతి ఆసుపత్రి ఫైల్లో ఉంది.

ఇట్లాంటి పని చేసే జూనియర్లకు ఒక మాట. ఈ కేసుల్లో అందరి చూపూ ఆస్తి ఉన్న మనిషి మీదే ఉంటుంది. ఆస్తి లేదనుకున్న రెండో మనిషి కాగితాలు ఎవరూ చూడరు. రమది వితంతు పెన్షన్, నెలకు 4,000. సచివాలయం మ్యాపింగ్‌లో, అంటే ఏ ఇంట్లో ఎవరున్నారో రాసుకునే లెక్కలో, ఇద్దరివీ వేర్వేరు ఇళ్లుగా ఉండబట్టే సుజాత జీతం అడ్డం రాకుండా ఆ పెన్షన్ వస్తోంది. కుటుంబం కాకపోవడం వల్ల వీళ్లకు కలిసొచ్చింది అదొక్కటే.

కానీ అదే 15వ సెక్షన్ రమ దగ్గర ఇంకోలా తిరుగుతుంది. పిల్లలు లేని వితంతువు వీలునామా లేకుండా పోతే ఆమె స్వార్జితం కన్నవాళ్లకంటే ముందు భర్త వారసులకు పోతుంది. అత్తింటి నుంచి గెంటేసిన మనిషి సొంతంగా సంపాదించినదైనా సరే, 2009లో ఓంప్రకాశ్ కేసులో సుప్రీంకోర్టు అదే చెప్పింది. సుజాత వీలునామా ద్వారా ఇల్లు రమకు వచ్చి, ఆ తర్వాత రమ ఏమీ రాయకుండా పోతే, ఆ పద్దెనిమిది అంకణాలూ ఇన్నేళ్లలో ఆమె మొహం చూడని మరుదుల చేతికి పోతాయి.

చెప్పగానే రమ కుట్టుమిషను మీంచి చెయ్యి తీసేసింది. "వాళ్లకా?" అన్నది. వారంలో వచ్చి తన వీలునామా రాసింది. షాపు, మిషన్లు, మిగిలిన రెండు గాజులు, ముందు ముందు తనకు రాబోయే ఏ ఆస్తైనా సుజాతకు, సుజాత లేకపోతే షాపులో పనిచేసే అమ్మాయికి. ఈసారి సుజాతను రిజిస్ట్రారు ఆఫీసుకు రావద్దన్నాం.